‘ఎంతమందిని చంపిండ్రు సార్?’: పిల్లలకు యుద్ధం చెప్పాలనుకున్న ఒక కార్గిల్ గన్నర్ కేసు

ఈ కేసులోని మనిషి మాజీ సైనికుడు. వయసు యాభై దాటింది. ఆర్టిలరీలో, అంటే ఫిరంగి దళంలో చేరి హవల్దారుగా రిటైరయ్యాడు. 1999 కార్గిల్ యుద్ధంలో ద్రాస్ దగ్గర బోఫోర్స్ గన్ (ఫిరంగి) మీద పని చేశాడు. ఆర్మీ నుంచి వచ్చాక కొన్నేళ్ళు ఒక బ్యాంకు దగ్గర సెక్యూరిటీ గార్డుగా ఉండి, ఇప్పుడు భూపాలపల్లి వైపు సొంతూళ్ళో పత్తి, మిర్చి వేస్తున్నాడు. పేరు, యూనిట్, ఊరు రాయడం లేదు. కుటుంబ వివరాలు కొన్ని మార్చాను. రాసినదంతా ఆయనకు చదివి వినిపించాను, వద్దన్న చోట తీసేశాను.

నేను హన్మకొండలో కౌన్సెలింగ్ సైకాలజిస్టును. మాజీ సైనికులు నా దగ్గరికి తక్కువే వస్తారు. వచ్చినా బీపీ గురించో, కొడుకు మాట వినకపోవడం గురించో మొదలుపెట్టి, అసలు సంగతికి రావడానికి చాలా కాలం తీసుకుంటారు. ఈయన మొదటి రోజే విషయానికి వచ్చాడు. “పిల్లలకు చెప్పాలె మేడం. మేం చెప్పకపోతే వాళ్ళకు సినిమాలే చెప్తయి. కానీ చెప్పిన కాన్నుంచి నాకు నిద్ర వస్తలేదు.”

చెప్పడం మానేస్తే నిద్ర అదే వస్తుందని ఇంట్లోవాళ్ళు అన్నారు. నేను దానికి ఒప్పుకోలేదు. చెప్పాలన్న కోరిక ఆయనలో మిగిలిన ఆరోగ్యమైన భాగం. దాన్ని తీసేస్తే మిగిలేది డాబా మీద ఒంటరిగా కూర్చున్న మనిషి. చెడింది చెప్పించిన పద్ధతి. దాన్ని ఎలా మార్చామన్నదే ఈ కేసు. మాజీ సైనికులను పిలిచే టీచర్లు, లెక్చరర్లు చదవాలని ముఖ్యంగా రాస్తున్నాను.

ఆ ఫంక్షన్‌లో ఏం జరిగింది

కార్గిల్ విజయ్ దివస్‌కు, అంటే జులై 26న, ఒక కాలేజీవాళ్ళు ఆయన్ను పిలిచారు. శాలువా, పూలదండ, మైకు, పది నిమిషాల టైము. “పిల్లలకు ఇన్‌స్పిరేషన్ వచ్చేటట్టు చెప్పండి సార్” అన్నారు. హాలు నిండుగా ఉంది. ఆయన టైగర్ హిల్ ఎక్కడం గురించి, జెండా పాతడం గురించి చెప్పాడు. నిజానికి కొండ ఎక్కి పోరాడింది ఇన్‌ఫెంట్రీ (కాల్బలం) జవాన్లు. ఆయన ఉన్నది కింద, శ్రీనగర్ నుంచి లేహ్ పోయే రోడ్డుకు దగ్గర్లో, గన్ పొజిషన్‌లో. అబద్ధం ఆడాలని ఆయన అనుకోలేదు. హాలు ఏది వినడానికి కూర్చుందో అదే నోట్లోంచి వచ్చింది.

చివర్లో ఒక కుర్రాడు లేచి, “ఎంతమందిని చంపిండ్రు సార్?” అని అడిగాడు. ఆయన కాసేపు ఆగి “శానా మందిని” అన్నాడు. హాలంతా చప్పట్లు.

ఆ ప్రశ్న అడిగినందుకు కుర్రాడిని నేను తప్పుపట్టను. పదిహేడేళ్ళ పిల్లవాడికి యుద్ధం గురించి అడగడానికి ఎవరూ వేరే ప్రశ్న నేర్పలేదు. ఆయన్ను దెబ్బతీసింది కూడా ఆ ప్రశ్న కాదనిపించింది. దెబ్బతీసింది చప్పట్లు. ఆ మాట రెండు, మూడుసార్లు అడిగినా ఆయన “అది ఇడిసిపెట్టున్రి మేడం” అన్నాడు. నేనూ విడిచిపెట్టాను. ఎందుకో చాలా తరువాత తెలిసింది.

నర్సింగ్ చదువుతున్న కూతురు ఆయన్ను వెంటబెట్టుకొని వచ్చింది. “బాపు రాత్రి లేసి డాబా మీదికి పోతుండు మేడం. అమ్మ భుజం మీద చెయ్యేస్తే ఉలిక్కిపడి నెట్టేసిండు. గొంతు పెంచి మాట్లాడితే చాలు, లేసి పోతుండు.” ఆర్మీ క్యాంటీన్ రమ్ము వారానికి ఒకసారి ఉండేది, రోజూ అయింది.

ముందు నిద్ర, తాగుడు, చెవి

ఘోరమైన అనుభవం తరువాత మనసును పట్టుకొనే జబ్బును పీటీఎస్‌డీ అంటారు. దాన్ని గుర్తించడానికి వాడే పీసీఎల్-5 అనే ప్రశ్నావళి ఉంది. 20 ప్రశ్నలు, 0 నుంచి 80 దాకా స్కోరు. 31, 33 మధ్య నుంచి పైకి పోతే లోతుగా చూడాలని లెక్క. ఆయన స్కోరు ఆ గీత దాటింది. స్కోరు ఒక్కటే రోగ నిర్ధారణ కాదు కాబట్టి సైకియాట్రిస్టు దగ్గరికి పంపాను. సైకియాట్రిస్టు కూడా పీటీఎస్‌డీయే అన్నారు, నిద్రకూ తాగుడు మానడానికీ చికిత్స మొదలుపెట్టారు.

కూతురు అడిగిన ప్రశ్న చాలామంది ఇళ్ళల్లో వచ్చేదే. ఎప్పుడో 1999లో జరిగిన దానికి ఇప్పుడు జబ్బేంటి? పీటీఎస్‌డీ ఆలస్యంగా బయటపడటం వింత కాదు. ఆరు నెలల తరువాతో, ఏళ్ళ తరువాతో పూర్తిగా కనిపించే రకాన్ని వైద్య గ్రంథాలు గుర్తించాయి. ఈయన విషయంలో సర్వీసులో ఉన్నన్నాళ్ళూ పరేడ్లు, పోస్టింగులు, చుట్టూ తనలాంటి వాళ్ళు. రిటైరయ్యాక బ్యాంకు డ్యూటీ. అవన్నీ అయిపోయి ఇంటి పట్టున ఉన్న కాలంలో ఆ జులై 26 వచ్చింది.

ఇక్కడే భూపాలపల్లి సంగతి చెప్పాలి. సింగరేణి ఓపెన్‌కాస్ట్ గనుల చుట్టుపక్కల ఊళ్ళకు బ్లాస్టింగ్ అలవాటే. సైరన్ మోగుతుంది, కాసేపటికి భూమి అదురుతుంది, వంటింట్లో గిన్నెలు కదులుతాయి. ఊళ్ళో అందరూ పని ఆపకుండా చేసుకుంటారు. ఈయన మాత్రం పత్తి చేనులో ఉన్నా సరే సైరన్ వినగానే గట్టు పక్కకు పోయి కూర్చుంటాడు. నేను అడిగితే ఒక తేడా చెప్పాడు. అది ఏ పుస్తకంలోనూ నేను అంత స్పష్టంగా చదవలేదు. “మన గన్ పేలితే భయం ఉండది మేడం. ఎప్పుడు పేలుతదో మనకెరుక. ఆడికెళ్లి వచ్చేదానికే భయం.” ద్రాస్‌లో రోడ్డు, గన్ పొజిషన్లు శత్రువు పరిశీలన కింద ఉండేవి. మన గన్లను వెతికి కొట్టడం వాళ్ళ పని. అంటే తాను పేల్చిన చప్పుడు కంటే తన మీదికి వచ్చే చప్పుడే శరీరంలో నిలిచిపోయింది. బ్లాస్టింగ్‌లో ఆయన్ను ఇబ్బంది పెట్టేది పేలుడు కంటే సైరన్‌కూ పేలుడుకూ మధ్య నిశ్శబ్దం. దాని మీద విడిగా పని చేశాం. సైరన్ మోగగానే ఫోన్‌లో స్టాప్‌వాచ్ నొక్కి, ఊపిరి లెక్కపెట్టుకుంటూ, ఉన్న చోటే ఉండటం. మొదట్లో కూతురు పక్కన ఉండేది, తరువాత ఒక్కడే. ఆ నిశ్శబ్దం ఎంతసేపో గడియారంలో కనిపించేసరికి భయం కొంత పట్టు వదిలింది.

చెవి సంగతి ఇంట్లో ఎవరూ పట్టించుకోలేదు. ఆయన ఎప్పుడూ తల తిప్పి కుడి చెవి ముందుకు పెట్టి వింటాడని నేను గమనించాను. ఈఎన్‌టీ డాక్టరు దగ్గర ఆడియోగ్రామ్ (వినికిడి పరీక్ష) తీయిస్తే, 4,000 హెర్ట్జ్ దగ్గర, అంటే సన్నని శబ్దాల దగ్గర, గ్రాఫ్ లోయలా దిగిపోయి ఉంది. పెద్ద శబ్దాల మధ్య పని చేసినవాళ్ళకు వినికిడి తగ్గే తీరు అదే. బరువైన గొంతు వినిపిస్తుంది కానీ ‘స’, ‘శ’, ‘త’ లాంటి అక్షరాలు జారిపోతాయి. ఆడవాళ్ళ గొంతు, పిల్లల గొంతు ముందు పోతాయి. హాల్లో మైకు గోల మధ్య పిల్లలు అడిగిన ప్రశ్నల్లో సగం ఆయనకు అందనే లేదు. “గొంతు పెంచితే లేచిపోతున్నాడు” అని ఇంట్లో అనుకున్నదాంట్లో కొంత కోపం, కొంత చెవుడు. ఎడమ చెవికి మిషన్ పెట్టాక భార్య అన్నమాట: “ఇన్నేండ్లు నేనే చిన్నగ మాట్లాడుతున్న అనుకున్న.” ఫిరంగుల దగ్గర పని చేసి వచ్చిన మనిషి ఎవరు చికాకుగా ఉన్నా, మనసు గురించి రాయడానికి ముందు చెవి పరీక్ష చేయించండని తోటి కౌన్సెలర్లకు గట్టిగా చెబుతాను.

ఈ దశలో యుద్ధం గురించి నేను ఒక్క ప్రశ్న అడగలేదు. ‘చెప్పేస్తే మనసు తేలికవుతుంది’ అని అందరం అంటాం. ఘోరం జరిగినవాళ్ళను ఒకే సిట్టింగ్‌లో కూర్చోబెట్టి మొత్తం చెప్పించే పద్ధతి ఒకప్పుడు బాగా నడిచింది. దానివల్ల పీటీఎస్‌డీ తగ్గలేదని పరిశోధనల్లో తేలాక ప్రపంచ ఆరోగ్య సంస్థ కూడా అది వద్దంది. కాలేజీ ఫంక్షన్‌లో పది నిమిషాలు అంతకంటే కష్టమైన పరిస్థితి. అక్కడ వినేవాడు వైద్యుడు కాదు, పైగా చప్పట్లు కొడతాడు.

పగ్గం మీద జీవితం

నిద్ర కాస్త కుదురుకున్నాక, తాగుడు దాదాపు ఆగాక, నెరేటివ్ ఎక్స్‌పోజర్ థెరపీ మొదలుపెట్టాను. యుద్ధాలు, హింస చూసినవాళ్ళ కోసమే తయారైన పద్ధతి ఇది. నేల మీద ఒక తాడు పరచి, పుట్టినప్పటి నుంచి ఇప్పటిదాకా జీవితం అనుకుంటాం. మంచి జరిగిన చోట పువ్వు, చెడు జరిగిన చోట రాయి. ఆయన ఇంటి నుంచి ఎడ్ల పగ్గం తెచ్చాడు. బతుకమ్మ రోజులు కాబట్టి కూతురు సంచి నిండా తంగేడు పూలు పంపింది. రాళ్ళు మా ఆఫీసు ముందు నుంచి ఏరాం.

గోల్కొండ ఆర్టిలరీ సెంటర్‌లో ట్రైనింగ్ పూర్తయి కసం పరేడ్ (సైనికుడిగా ప్రమాణం చేసే పరేడ్) అయిన చోట పువ్వు పెట్టాడు. మొదటి లీవుకు ఢిల్లీ నుంచి ఏపీ ఎక్స్‌ప్రెస్‌లో వచ్చి కాజీపేటలో దిగితే, తండ్రి ప్లాట్‌ఫారం మీద నిలబడి ఉన్న చోట రెండు పువ్వులు. పెళ్ళికి ఒకటి. 1999 దగ్గరికి వచ్చేసరికి వేగంగా చిన్న చిన్న రాళ్ళు పెట్టుకుంటూ పోయాడు. ఒక పెద్ద రాయి మాత్రం చేతిలో పట్టుకొని, అటూ ఇటూ తిప్పుతూ ఉండిపోయాడు. పగ్గం మీద పెట్టలేదు. “ఇది ఇప్పుడు పెట్టను మేడం.” పెట్టకండి, మీ దగ్గరే ఉంచుకోండి అన్నాను. ఇంటికి తీసుకుపోయాడు.

మిగతా రాళ్ళ గురించి వారం వారం మాట్లాడుకున్నాం. నేను రాసుకొని, తరువాతి వారం చదివి వినిపించేదాన్ని, ఆయన దిద్దేవాడు. చిలీలో సైనిక నియంతృత్వం కింద హింసలు పడినవాళ్ళతో మొదలైన ‘సాక్ష్య చికిత్స’లో కూడా ఇదే వరస. మనిషి చెప్పింది కాగితం అవుతుంది, అది ఆయన సొంతం అవుతుంది, ఎవరికి చూపించాలో ఆయన ఇష్టం. పిల్లలకు చెప్పాలనుకునేవాళ్ళకు ఇది బాగా సరిపోతుంది. స్టేజీ ఎక్కేలోపు మాట ఒకసారి ఇంకో మనిషి ముందు పూర్తిగా జరిగి ఉంటుంది.

ఈ రాతల్లో తేదీల గొడవ వచ్చింది. టైగర్ హిల్ జులై 26న దొరికిందని ఆయన గట్టిగా చెప్పాడు. టోలోలింగ్ శిఖరం జూన్ 13న, టైగర్ హిల్ జులై 4న మన చేతికొచ్చాయి. జులై 26 యుద్ధం ముగిసిన రోజు. పుస్తకం చూపిస్తే ముఖం చిన్నబోయింది. “నేను ఉన్న కదా మేడం ఆడ” అన్నాడు. ఉన్నాడు. కానీ గన్ పొజిషన్‌లో రాత్రీ పగలూ తేడా లేకుండా గుండ్లు ఎత్తే మనిషికి తేదీ తెలియదు. ప్రతి ఏటా టీవీలో జులై 26న చూపించే బొమ్మలు ఆ ఖాళీలో వచ్చి కూర్చున్నాయి. జ్ఞాపకం గుర్తు చేసుకున్న ప్రతిసారీ కాస్త మారుతుంది, అందులో అబద్ధమేమీ లేదు. చివరికి తేదీలు పుస్తకం నుంచి, మిగతాది తన నుంచి అని ఒప్పందానికి వచ్చాం. ఆ విషయం తరువాత పిల్లలకు ఆయనే చెప్పాడు, బాగా చెప్పాడు.

ఏది చెప్పాలి

ఒక నోట్‌బుక్ మూడు భాగాలు చేశాం. ఎవరికైనా చెప్పేవి. పద్ధతిగా అడిగితే చెప్పేవి. చెప్పనివి. మూడో భాగానికి ఆయన ‘నో ఫైర్’ అని హెడ్డింగ్ రాసుకున్నాడు. యూనిట్ లెక్కలు, సిగ్నల్ కోడ్‌లు, ఇప్పటికీ వాడుకలో ఉన్న పద్ధతులు అందులోకి ముందే వెళ్ళాయి. 1923 నాటి అధికార రహస్యాల చట్టం రిటైరైనవాళ్ళకూ వర్తిస్తుంది, అది ఆయనకు నాకంటే బాగా తెలుసు. పెద్ద రాయి కూడా అందులోనే ఉంది.

మొదటి భాగం ఇంత నిండుతుందని ఆయన అనుకోలేదు. “మాది ఏముంది మేడం, కూలి పని” అన్నాడు. అదే చెప్పమన్నాను. 155 మిల్లీమీటర్ల గుండు నలభై కిలోలు దాటుతుంది. “యూరియా బస్తా అనుకోన్రి. దాన్ని చలిలో, గాలి ఆడని చోట, రాత్రంతా మొయ్యాలె.” ద్రాస్ ఎత్తు సుమారు 10,800 అడుగులు, చుట్టూ శిఖరాలు 16,000 పైన. కింద నుంచి వచ్చినవాళ్ళు అంత ఎత్తులో ఒళ్ళు అలవాటు చేసుకోవడానికి ఆర్మీలో ఆరు రోజుల షెడ్యూల్ ఉంటుంది, మొదటి రెండు రోజులు విశ్రాంతే. ఇంకా పైకి పోతే మళ్ళీ నాలుగు రోజులు, ఆపైన మరో నాలుగు. ఆ యుద్ధంలో మన ఆర్టిలరీ రెండున్నర లక్షలకు పైగా గుండ్లు, రాకెట్లు పేల్చింది. ఆ లెక్కలో ప్రతి గుండునూ ఎవరో ఒకరు పెట్టెలోంచి తీశారు, తుడిచారు, ఎత్తారు.

ఇంకొకటి, నాకు కొత్తగా తెలిసింది. గన్ దగ్గరున్నవాళ్ళకు తాము కొట్టేది కనబడదు. కొన్ని బోఫోర్స్‌లను ముందుకు తెచ్చి కొండకు నేరుగా గురిపెట్టిన సందర్భాలు ఉన్నాయి కానీ ఈయన గన్ గుట్ట చాటున ఉండేది. ఇన్‌ఫెంట్రీతో పాటు పైకి పోయిన ఆర్టిలరీ ఆఫీసరు రేడియోలో చోటు చెబుతాడు. గన్ పొజిషన్‌లో లెక్క కడతారు. గన్‌కు దిక్కు, కోణం వస్తాయి. ఎత్తులో గాలి పలుచన కాబట్టి అదే కోణానికి గుండు మైదానంలో కంటే ఎక్కువ దూరం పోతుంది, దానికి సవరింపులు. ఎంపీసీ పిల్లలకు ఇది చెప్పినప్పుడు ఫిజిక్స్ లెక్చరర్ బోర్డు దగ్గరికి పోయి ప్రొజెక్టైల్ గీయడం నేను చూశాను.

వినేవాళ్ళను తయారు చేయడం

రెండోసారి పిలిచినవాళ్ళకు ఆయన ఒప్పుకొనే ముందు నేను వెళ్ళి మాట్లాడాను. వరంగల్‌లోని ఒక జూనియర్ కాలేజీ. హాలు వద్దు, ఒక్క క్లాసు చాలన్నాను. మైకు వద్దు, పిల్లలు ఆయన కుడివైపు దగ్గరగా కూర్చోవాలి. ముందు రోజు లెక్చరర్ మ్యాప్ పెట్టి కార్గిల్ ఎక్కడుందో, ఎందుకు మొదలైందో, మన వైపు 527 మంది చనిపోయారని, 1,363 మంది గాయపడ్డారని చెప్పాలి. అది చెప్పే బరువు ఆయన మీద పెట్టకూడదు. పిల్లలు ప్రశ్నలు చీటీల మీద రాయాలి. చీటీ వల్ల చెవి ఇబ్బంది పోతుంది, ఏ చీటీ తీయాలో, ఏది పక్కన పెట్టాలో ఆయన చేతిలో ఉంటుంది. వీడియో వద్దు, వాట్సాప్ స్టేటస్‌లు వద్దు. ఆయన కళ్ళద్దాలు తీసి టేబుల్ మీద పెడితే లెక్చరర్ లేచి “టీ తాగుదాం” అనాలి, కారణం అడగకూడదు.

ప్రిన్సిపాల్‌కు ఒక అభ్యంతరం ఉండింది. ఇన్ని నియమాలుంటే పిల్లల్లో ఉత్సాహం రాదన్నారు. ఆ మాటను నేను తీసిపారేయలేదు, ఎందుకంటే దేశం మీద ప్రేమతోనే ఆయన పిలుస్తున్నారు. అదే ప్రేమ ఉంటే, పిలిచిన మనిషి ఆ రాత్రి నిద్రపోవడం కూడా మన బాధ్యతే అన్నాను. ఒప్పుకున్నారు.

చీటీల్లో వచ్చినవి: గుండు మోస్తే నడుము పోదా? స్నానం ఎప్పుడు చేసేవారు? ఇంటికి ఫోన్ ఎలా? మీ అమ్మ ఏమంది? ఒక్క చీటీలోనూ చంపడం గురించి లేదు. నిజం చెప్పాలంటే నాకు ఆశ్చర్యమేసింది. రాయడానికి ఐదు నిమిషాలు దొరికితే పిల్లల ప్రశ్న మారుతుంది. ఫోన్ ప్రశ్నకు ఆయన చెప్పిన జవాబు క్లాసులో బాగా నిలిచింది. ఉత్తరాలకు అడ్రసు ‘కేరాఫ్ 56 ఏపీఓ’ (ఆర్మీ పోస్టాఫీసు), అంతే, ఊరి పేరు ఉండదు. కొడుకు ఎక్కడున్నాడో తల్లికి తెలియదు. ఊళ్ళో ఒక ఇంట్లో టీవీ ఉండేది, యుద్ధం టీవీలో చూపిస్తున్నారు. ఆమె రోజూ సాయంత్రం ఆ ఇంటికి పోయి, తెర మీద ఏ గన్ పేలినా దాని పక్కన కొడుకు ఉన్నాడేమోనని చూసేది. లీవులో వచ్చినప్పుడు ఈ సంగతి పక్కింటివాళ్ళు చెప్పారట, తల్లి ఎప్పుడూ చెప్పలేదు.

రాయి పెట్టిన రోజు

ఆ తరువాత ఆయనే ఒక కోరిక కోరాడు. హన్మకొండ జేఎన్ స్టేడియంలో ఆర్మీలో చేరడానికి తెల్లవారుజామున పరుగు ప్రాక్టీసు చేసే పిల్లలున్నారు కదా, వాళ్ళకు చెప్పాలి. 1.6 కిలోమీటర్లు ఐదున్నర నిమిషాల్లో పూర్తి చేస్తే పూర్తి మార్కులు, పది పులప్స్, అదే వాళ్ళ లోకం. 2022లో అగ్నిపథ్ భర్తీ పథకం వచ్చాక నాలుగేళ్ళ తరువాత ఉంటామా పోతామా అన్న టెన్షన్ ఒకటి. “కాలేజీ పిల్లలకు తెలుస్తె మంచిది. వీళ్ళకు తెల్వాలె, పోయేది వీళ్ళే” అన్నాడు.

ఆ సెషన్‌కు ముందు వారం ఆయన ఆ రాయి తీసుకొని వచ్చాడు. పగ్గం పరచమన్నాడు. 1999 జులై చివర దగ్గర పెట్టాడు.

యుద్ధం ఆగాక సామాను మోసే పార్టీలో ఆయన పైకి పోయాడు. తమ గుండ్లు పడిన చోటు అప్పుడే మొదటిసారి చూడటం. అక్కడ పాకిస్తాన్ సైనికుల శవాలున్నాయి. వాళ్ళు తమ సైనికులు కాదని ఆ దేశం మొదట్లో అంటూ వచ్చింది, చాలామంది శవాలను తీసుకోలేదు. మన సైన్యమే ముస్లిం ఆచారం ప్రకారం ఖననం చేసింది. అలాంటి ఒక చోట ఈయన నిలబడ్డాడు. నేల రాయిలా ఉంది, గడ్డపార దిగడం లేదు, ఈయన చేత కూడా తవ్వించారు. “ఊకె అనుకున్న మేడం, ఇది ఎవల గుండు అని. మా గన్‌దా, పక్క గన్‌దా. నేను గుండు ఎత్తినోన్ని. అది ఎవల మీద పడ్డదో నాకేం ఎరుక? కానీ ఆడ చూసిన. ఆ తర్వాత ఆ హాల్ల నేను శానా మందిని అన్న, వాళ్ళు చప్పట్లు కొట్టిన్రు.”

తాను చేసింది తప్పని ఆయన ఎప్పుడూ అనలేదు, నేనూ అనను. తన దేశం భూమిలోకి వచ్చినవాళ్ళను వెనక్కి పంపే పని అది. కానీ పని సరైనదే అయినా మనిషి దాన్ని మోస్తాడు. ఊళ్ళో ఎవరికైనా చెబితే ‘శత్రువు మీద జాలా’ అంటారని ఇన్నేళ్ళు భార్యకు కూడా చెప్పలేదు. దీన్ని ‘నో ఫైర్’ నుంచి రెండో భాగంలోకి, అంటే పద్ధతిగా అడిగితే చెప్పేవాటిలోకి ఆయనే మార్చుకున్నాడు. నేను సలహా ఇవ్వలేదు. ఇవ్వకూడదు కూడా.

స్టేడియం పిల్లలతో ఒక గదిలో కూర్చున్నాం. పరుగు గురించి, అంత ఎత్తులో మొదటి రోజు పరుగెత్తితే ఊపిరితిత్తుల్లో నీరు చేరి మనిషి చచ్చిపోవచ్చని, చెవుల్లో ఇయర్ ప్లగ్ పెట్టుకోవడానికి సిగ్గుపడొద్దని చెప్పాడు. తన ఎడమ చెవి మిషన్ తీసి చూపించాడు. అది చేతులు మారి గది చుట్టూ తిరిగి వచ్చింది. 2022లో ద్రాస్‌లోని పాయింట్ 5140కి ‘గన్ హిల్’ అని పేరు పెట్టారని చెప్పినప్పుడు గొంతు కాస్త మారింది.

ఒక చీటీలో ఇలా ఉంది: మీ గుండు తగిలి చనిపోయినవాళ్ళ గురించి ఎప్పుడైనా ఆలోచించారా? ఆయన దాన్ని పక్కన పెట్టవచ్చు. పెట్టలేదు. తవ్విన సంగతి ఐదారు వాక్యాల్లో చెప్పాడు, హాల్లో అన్న ‘శానా మంది’ మాట కూడా చెప్పాడు. చప్పట్లు లేవు. నర్సంపేట వైపు నుంచి వచ్చిన ఒక పిల్లవాడు, “వాళ్ళ ఇంట్లోవాళ్ళకు తెలిసిందా కాకా?” అన్నాడు. “నాకెరుక లేదు బిడ్డా. నేను గూడ గదే అనుకుంట” అన్నాడు. తరువాతి చీటీ జీతం గురించి. దానికీ అంతే శ్రద్ధగా జవాబిచ్చాడు.

ఆ రాత్రి చాలాసేపు మెలకువగా ఉన్నాడని కూతురు ఫోన్ చేసింది. డాబా ఎక్కలేదు, రమ్ము ముట్టలేదు. మరుసటి రోజు ఆదివారం, భార్యకు కూడా చెప్పాడు.

ఇవన్నీ చెబితే పిల్లలు ఆర్మీకి పోవడం మానేస్తారని ఒక పెద్దమనిషి నాతో వాదించాడు. ఆ గదిలో ఉన్న పిల్లల్లో నాకు తెలిసినవాళ్ళు పరుగు మానలేదు. మానినా నాకు అభ్యంతరం లేదు. తెలిసి పోవడమూ తెలిసి ఆగడమూ రెండూ గౌరవమైనవే. తెలియకుండా పంపడమే నాకు నచ్చదు.

ఇప్పుడు ఎక్కడున్నాం

పీసీఎల్ స్కోరు గీత కిందికి వచ్చింది. సైకియాట్రిస్టు మందులు తగ్గిస్తున్నారు. దీపావళి ఇంకా కష్టమే. ఆ రెండు రోజులు అత్తగారి ఊరికి పోతాడు, అదేమీ ఓటమి అని నేను అనుకోను. జులై 26న మాత్రం ఎవరు పిలిచినా స్టేజీ ఎక్కనని తీర్మానించుకున్నాడు. ఆ రోజు జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయంలో తన తోటివాళ్ళతో కూర్చుంటాడు. మిగతా నెలల్లో, చిన్న గదుల్లో, చీటీల పద్ధతిలో అయితే సరే.

ఇది చదివి ప్రతి మాజీ సైనికుడి చేతా చెప్పించాలనుకోవద్దు. చావు ఆలోచనలున్నవాళ్ళు, రోజూ తాగుతున్నవాళ్ళు, కలలు వచ్చి అరుస్తున్నవాళ్ళు ముందు డాక్టరు దగ్గరికి పోవాలి. రాత్రిపూట ఎవరూ దొరకకపోతే టెలీ మానస్ 14416కు ఫోన్ చేస్తే తెలుగులో మాట్లాడతారు. చెప్పడం ఇష్టం లేనివాళ్ళను ‘దేశం కోసం’ అని ఒత్తిడి చేయడం నాకు అన్యాయంగా కనిపిస్తుంది. వాళ్ళు ఇవ్వాల్సింది ఇచ్చేశారు.

ఈయన ద్వారానే ఇంకొకాయన వచ్చారు. 1987 నుంచి 1990 దాకా శ్రీలంకలో మన శాంతి సేన ఉన్నప్పుడు అక్కడ పని చేశారు. జాఫ్నా గురించి మనవళ్ళ స్కూల్లో చెప్పాలని ఉంది ఆయనకు. ప్రస్తుతం ఆడియోగ్రామ్ అయింది, నిద్ర చార్టు రాస్తున్నారు. స్కూలువాళ్ళు తేదీ అడుగుతున్నారు, ఇంకా ఇవ్వలేదు.